ఫోస్టర్ కేర్ బాబు గురించి బళ్లో ఎంత చెప్పాలి?

కొత్తగూడు: ఫోస్టర్ కేర్ కింద, అంటే కన్నవాళ్ల దగ్గర ఉండలేని పిల్లల్ని వేరే కుటుంబం కొన్నాళ్లు పెంచే పద్ధతిలో, ఎనిమిదేళ్ల బాబు మా ఇంటికొచ్చి మూడు వారాలైంది. టీచరుగారికి వాడి సంగతి ఎంతవరకు చెప్పాలి? కన్నతల్లిని కలిసొచ్చిన మర్నాడు క్లాసులో ఎవర్నో ఒకర్ని కొడుతున్నాడు. ఆ రోజు బడి మాన్పించమంటారా? తలగడ కింద బిస్కెట్లు కూడా దాస్తున్నాడు.

నల్లబల్ల: టీచరుగా అడుగుతున్నా, దయచేసి చెప్పండి. నాకెవరూ చెప్పలేదు. వంశవృక్షం గీయమని హోంవర్కిచ్చాను. ఒకమ్మాయి ఆకులు, పిట్టలు అన్నీ వేసి, పేర్లు రాయాల్సిన గళ్లన్నీ రంగుతో పూసేసింది. "పేర్లేవీ?" అని అందరి ముందూ అడిగాను. తలుచుకుంటే ఇప్పటికీ నిద్ర పట్టదు.

వేళాపాళా: ముందు ఆ బిస్కెట్ల సంగతి చూడండి. పక్కలో చీమలు పడతాయి. ఇప్పుడే ఆపకపోతే దొంగతనం అలవాటవుతుంది.

రెండోఅమ్మ: దొంగతనమా? ఆ మాట మళ్లీ అనకండి! పూటకి తిండి దొరుకుతుందో లేదో తెలీని ఇంట్లో పెరిగినవాడు దాచుకోక ఏంచేస్తాడు? వాడికంటూ ఒక మూత డబ్బా ఇవ్వండి. రోజూ వాడి ఎదురుగానే నింపండి. మా పాపకి ఐదు నెలలు పట్టింది.

వేళాపాళా: నేనూ ఇద్దర్ని పెంచాను. నియమం లేని ఇల్లు పిల్లలకి మంచిది కాదు.

రెండోఅమ్మ: నియమాలు వద్దనలేదు. అలమరాకి తాళం వేయొద్దంటున్నా.

అనుభవం20: ఇరవై ఏళ్లుగా ఈ పిల్లలతోనే పనిచేస్తున్నా, నా మాట వినండి. 2000లో రొమేనియాలో మొదలైన బుకారెస్ట్ అధ్యయనంలో, అనాథాశ్రమాల్లోని 136 మంది పసివాళ్లలో సగం మందిని చీట్లు తీసినట్టు ఎంచి ఫోస్టర్ ఇళ్లకి పంపారు. రెండేళ్లలోపు వెళ్లినవాళ్లే బాగా కోలుకున్నారు. అసలు సంగతంతా వయసులో ఉంది.

కొత్తగూడు: మావాడికి ఎనిమిదండీ. ఇక ఆశ లేదనా?

రెండోఅమ్మ: అనుభవంగారూ, మూడు వారాల అమ్మతో అనే మాటేనా ఇది?

అనుభవం20: నా ఉద్దేశం అది కాదమ్మా, తొందరపడి రాశాను. ఆలస్యమైతే ఓపిక ఎక్కువ కావాలి, అంతే.

నాలుగుబళ్లు: నేను ఫోస్టర్ కేర్‌లోనే పెరిగాను. ఇల్లు మారినప్పుడల్లా బడి మారింది, సామాను చెత్తసంచుల్లో సర్దారు. నా కథ టీచర్లందరికీ తెలుసు. నేను స్టాఫ్‌రూములోకి వెళ్తే మాటలాగిపోయేవి. నల్లబల్లగారూ, కథంతా మీకెందుకు? ఐక్యరాజ్యసమితి 1989 బాలల హక్కుల ఒడంబడిక 16వ అధికరణం పిల్లల గోప్యతనీ కాపాడమంటుంది. కోపం ఏ రోజుల్లో వస్తుందో, ఏంచేస్తే తగ్గుతుందో తెలిస్తే చాలు. మిగతాది చెప్పుకోవాలనిపిస్తే వాడే చెప్పుకుంటాడు.

నల్లబల్ల: ఒప్పుకుంటున్నా. ఇప్పుడు వంశవృక్షం మానేసి "నాకు దగ్గరివాళ్లు" గీయమంటున్నా. కుక్కపిల్లని గీసినా సరే.

వేళాపాళా: డబ్బా మూత గట్టిగా ఉండేది చూడండమ్మా.

కొత్తగూడు: కొన్నాం. నాలుగైదుసార్లు మూత తీసి, పెట్టి చూసుకున్నాడు. బిస్కెట్లు లెక్కపెట్టుకుని పేరు తనే రాసుకున్నాడు. కన్నతల్లిని కలిసొచ్చిన మర్నాడు బడికి పంపాలా వద్దా అన్నది మాత్రం ఎవరూ చెప్పలేదు.

నాలుగుబళ్లు: మాన్పించకండి. ఇల్లు మారినా బడి మారలేదంటే వాడికి అదే పెద్ద ఆధారం. మొదటి పీరియడ్ లైబ్రరీలో కూర్చోనివ్వమని అడగండి. నన్నలా ఒకావిడ కూర్చోనిచ్చేది. ఏమీ అడిగేది కాదు, పుస్తకాలకి అట్టలు వేయించేది.