బురుజుపేటలో అమ్మమ్మ పెంకుటిల్లు: బాగుచేయించాలా, బిల్డర్‌కి ఇవ్వాలా?

మనవరాలు_వైజాగ్:
విశాఖ పాత ఊరు, వన్‌టౌన్ వాళ్ల సలహా కావాలండీ. కనకమహాలక్ష్మి గుడికి రెండు సందుల అవతల మా అమ్మమ్మ ఇల్లు. ముందు అరుగులు, లోపల టేకు దూలాలు, పెరట్లో నుయ్యి. ఆవిడ పోయాక మూడేళ్లుగా తాళమే. గోడలు చెమ్మ పట్టి పెచ్చులూడుతున్నాయి. మామయ్యలు బిల్డర్‌కి ఇచ్చేద్దామంటున్నారు. నాకేమో అక్కడే ఉండాలని ఉంది. రోజూ ఉండటానికి ఆ పేట ఎలా ఉంటుంది?

కోటవీధి_పాతకాపు:
పుట్టింది ఇక్కడే అమ్మా, ఇప్పుడు 61 ఏళ్లు. ఈస్టిండియా కంపెనీ వాళ్ల కోట పోయింది, కోటవీధి అనే పేరు మిగిలింది. సోల్జర్‌పేటా అంతే. ఒకప్పుడు విశాఖపట్నం అంటే ఈ నాలుగు వీధులే. 1933లో ఓడరేవు తెరిచాక ఊరు పెరిగి ఎటో వెళ్లిపోయింది, మేం ఉండిపోయాం. పూర్ణామార్కెట్ నడిచి వెళ్లే దూరం. కూరలకి, చేపలకి బండి తియ్యక్కర్లేదు. కారుంటే మాత్రం కష్టం, సందులోకి రాదు. మార్గశిర మాసం లక్ష్మివారాలు మరీను. బుధవారం సాయంత్రమే బండి దూరంగా పెట్టుకోవాలి. అమ్మవారికి గర్భగుడి పైకప్పు లేదు, ఎవరి పూజ వాళ్లే చేసుకుంటారు కదా, జనం తెల్లవార్లూ వస్తూనే ఉంటారు. మీ అరుగుల మీద నలుగురు కూర్చుంటారు. మంచినీళ్లివ్వండి, అంతే.

గానుగసున్నం:
చెమ్మ గురించి చెప్తాను, మా ఇంట్లో పడ్డ బాధే. పాత సున్నపు గోడకి ఎవరో చెప్పారని సిమెంట్ పూయించాం. రెండు వానాకాలాలకే పెచ్చులు పెచ్చులుగా ఊడిపోయింది. సున్నపు గోడ తాగిన తేమ మెల్లగా బయటికి పోతుంది. పైన సిమెంట్ వేస్తే దారి మూసుకుపోతుంది. లోపలి ఉప్పు పూతని తోసేస్తుంది. అంతా చెక్కించి మళ్లీ సున్నమే పెట్టించాం, ఆరేళ్లుగా బాగుంది. మీరు ముందు పెంకులు సరిచేయించండి, గోడల సంగతి తర్వాత. దూలాలు మధ్యలో బాగానే కనిపిస్తాయి, గోడలో దూరిన చివర్లు ముందు పుచ్చుతాయి. అక్కడ స్క్రూడ్రైవర్‌తో పొడిచి చూడండి.

రాస్‌కొండ_మెట్లు:
మాది కొండవాలు. చర్చి ఒక కొండ మీద, దర్గా ఒక దాని మీద, వెంకన్న గుడి ఇంకో దాని మీద, కింద ఓడలు. చిన్నప్పటి నుంచి చూస్తున్నా నాకు విసుగు రాలేదు. కానీ మా నాన్నకి గుండెనొప్పి వచ్చిన రాత్రి అంబులెన్స్ కిందే ఆగిపోయింది. పక్కింటి కుర్రాళ్లు కుర్చీలో కూర్చోబెట్టి మెట్లన్నీ మోసుకుంటూ దించారు. నాన్న బతికారు. మీ ఇంట్లో పెద్దవాళ్లుంటే ఇది ముందే ఆలోచించుకోండి.

పెంకుటింటి_కోడలు:
2014 అక్టోబర్ 12, హుద్‌హుద్ తుపాను. మా పెంకులు సగం లేచిపోయాయి. కరెంటు లేదు, నీళ్లు లేవు. మా వీధి మొత్తం మా నూతి నీళ్లే తోడుకుంది. ఆ నుయ్యి మాత్రం పూడ్చకు చెల్లీ.

దస్తావేజు:
బిల్డర్‌తో మాట్లాడే ముందు టేపు పట్టుకెళ్లి సందు వెడల్పు కొలవండి. ఎన్ని అంతస్తులకి ప్లాన్ వస్తుందన్నది దాన్ని బట్టే ఉంటుంది. మీ మామయ్యలు అనుకుంటున్నన్ని ఫ్లాట్లు రాకపోవచ్చు. బాగుచేయించినా సరే, వారసులందరి సంతకాలతో కాగితం రాయించుకున్నాకే డబ్బు పెట్టండి.

మనవరాలు_వైజాగ్:
అందరికీ థాంక్సండీ. ఆదివారం తలుపు తీశాం. వంటింటి దూలం ఒక్కటి చివర మెత్తబడింది, మిగతావి గట్టిగా ఉన్నాయి. చిన్న మామయ్య సందు కొలిచి చాలాసేపు మాట్లాడలేదు. ఏడాది ఆగుదామని పెద్ద మామయ్యే అన్నారు. గానుగసున్నం గారూ, మీ ఇంటికి పనిచేసిన మేస్త్రీ ఇంకా పనికి వస్తున్నారా?

గానుగసున్నం:
వస్తారమ్మా. పెద్దాయన, గోడ చూడందే ధర చెప్పరు. సున్నం నానబెట్టడానికి మీ పెరట్లో చోటుందా?