తీగలు మార్చకుండా గిటార్ తిరగేసి వాయించవచ్చా?

ప్రశ్న: నాది ఎడమచేతివాటం. గిటార్ సొంతంగా నేర్చుకుంటున్నాను. మామూలు గిటార్‌నే తిరగేసి పట్టుకుంటే చేతికి హాయిగా ఉంది. అందరూ తప్పంటున్నారు. అమెరికా జానపద కళాకారిణి ఎలిజబెత్ కాటన్ ఇలాగే వాయించేవారట కదా? నన్ను మానేయమంటారా?

జవాబు 1: మానకండి! ఆవిడ చిన్నప్పుడు అన్నయ్య ఇంట్లో లేనప్పుడు అతని బాంజో (గిటార్‌లాంటి తీగవాద్యం) తీసి, తనకు తోచినట్టు నేర్చుకున్నారు. గిటార్ తిరగేస్తే మంద్రం తీగలు కిందికొస్తాయి. వాటిని వేళ్లతో, పాటను బొటనవేలితో మీటేవారు. అందరూ చేసేదానికి సరిగ్గా తలకిందులు. అందుకే ఆ వాయింపు వింటే ఇట్టే పోల్చుకోవచ్చు. గురువుంటే మొదటిరోజే మాన్పించేవాడేమో!

జవాబు 2: ఆవిడ మధ్యలో ఎన్నో ఏళ్లు గిటార్ ముట్టనేలేదు. జానపద సంగీతకారులైన సీగర్ కుటుంబం ఇంట్లో పనికి కుదిరాక మళ్లీ పట్టారు. మొదటి ఆల్బమ్ 1958లో, అరవై దాటాక. గ్రామీ సంగీత పురస్కారం వచ్చేసరికి తొంభై దాటాయి. ఆ సంగతి తలుచుకుంటే నాకు సంతోషం, కోపం రెండూ వస్తాయి. అన్నాళ్లూ వినేవాళ్లు ఏమయ్యారండీ?

జవాబు 3: నేనూ ఎడమచేతివాడినే. కార్డులకు (కలిపి మోగించే స్వరాలకు) వేళ్లు ఎక్కడ పెట్టాలో చూపే బొమ్మలు మనకు అలాగే పనికిరావు, వేళ్ల అమరిక మనమే వెతుక్కోవాలి. ఒకే వేలితో చాలా తీగలు నొక్కే బ్యారే కార్డులు బాగా ఇబ్బంది పెడతాయి. ముందు బొటనవేలితో ఒక్క పాట నిదానంగా పలికించండి.