కోర్టు దోషి అన్నాక టీవీవాళ్లు ఆ హత్య కేసును మళ్లీ తవ్వొచ్చా?

ఖమ్మం పాఠకుడు:
శిక్ష పడ్డ మనిషి నిర్దోషి అంటూ డాక్యుమెంటరీ తీసి ప్రచారం చేయడం నాకు నచ్చదు. సాక్షులను కళ్లారా చూసి విన్నది కోర్టు. ఎడిటింగ్ గదిలో తమకు పనికొచ్చే ముక్కలే ఉంచుతారు. అనుమానం ఉంటే అప్పీలు ఉంది కదా?

కృష్ణలంక:
అన్నా, అప్పీలు అనగానే నాకు బర్మింగ్‌హామ్ సిక్స్ గుర్తొస్తారు. 1974 నవంబరు 21న ఇంగ్లండ్‌లోని ఆ ఊళ్లో రెండు పబ్బుల్లో బాంబులు పేలి 21 మంది చనిపోయారు. ఆ రాత్రే అంత్యక్రియల కోసం ఉత్తర ఐర్లండ్‌లోని బెల్‌ఫాస్ట్‌కు బయల్దేరిన ఐదుగురిని ఓడరేవులో పట్టుకున్నారు, ఆరో మనిషిని తర్వాత బర్మింగ్‌హామ్‌లో. కొట్టి, నేరం ఒప్పుకున్నట్టు సంతకాలు పెట్టించుకున్నారని వాళ్లు మొత్తుకున్నారు. 1975లో ఆరుగురికీ యావజ్జీవం. ఆ సంతకాలు, కొందరి చేతులకు పేలుడు పదార్థం అంటిందన్న గ్రీస్ (Griess) అనే రసాయన పరీక్ష, ఇవే ప్రధాన ఆధారాలు.

1985లో బ్రిటన్‌లోని గ్రనాడా టీవీ పరిశోధనా కార్యక్రమం 'వరల్డ్ ఇన్ యాక్షన్' ఇద్దరు శాస్త్రవేత్తలతో అదే పరీక్ష చేయించింది. పాత పేకముక్కలకూ అదే ఫలితం వచ్చింది. ఆ ఐదుగురూ రైల్లో ఆడుతూ వెళ్లింది పేకే! అయినా 1988లో అప్పీలు కొట్టేశారు. చివరికి శిక్ష రద్దయి బయటికొచ్చింది 1991 మార్చి 14న. పదహారేళ్లు పోయాయి.

తెనాలి లాయర్:
విడుదలకు నేనూ సంతోషిస్తా. కానీ ఆ 21 మంది కుటుంబాల సంగతి? అసలు దోషులకు నేటికీ శిక్ష లేదు. ఆ కార్యక్రమానికి పనిచేసిన జర్నలిస్టు క్రిస్ మలిన్, పేలుళ్లలో తన పాత్ర ఒప్పుకున్న మనిషితో మాట్లాడి కూడా, మాట ఇచ్చానంటూ పేరు చెప్పలేదు. 2022లో కోర్టూ ఆయన వైపే నిలిచింది. బిడ్డను పోగొట్టుకున్న తల్లి దీన్ని ఎలా భరిస్తుంది?

కృష్ణలంక:
ఆ బాధకు నా దగ్గర జవాబు లేదు లాయర్ గారూ. కానీ తప్పు మనుషులు లోపల ఉన్నన్నాళ్లూ అసలువాళ్లను వెతికిందెవరు? మా విజయవాడ దగ్గర హాస్టల్ హత్య కేసు చూడండి. ఆ అమ్మాయి అమ్మానాన్నలే, పట్టుకున్న కుర్రాడు దోషి కాదన్నారు. 2010లో శిక్ష, 2017లో హైకోర్టు నిర్దోషి అంది.

ఒక్కటి మాత్రం ఒప్పుకుంటా. టీవీ సాక్ష్యాన్ని పరీక్షించాలి. ఇంకొకరి మొహం చూపించి 'వీడేనేమో' అనే డాక్యుమెంటరీలంటే నాకూ భయమే.

ఖమ్మం పాఠకుడు:
పేకముక్కల సంగతి నాకు తెలియదు. మరి ఆ పరీక్షను మొదటి విచారణలోనే ఎందుకు నిలదీయలేదు?

కృష్ణలంక:
నిలదీశారన్నా. వేరే వస్తువుల వల్లా ఆ ఫలితం రావచ్చని డిఫెన్స్ నిపుణుడు 1975లోనే కోర్టులో చెప్పాడు. జడ్జి ప్రభుత్వ శాస్త్రవేత్త మాటకే విలువిచ్చారు.