డాక్టర్ ఏ చెయ్యో రాయలేదు: ఎం08.049 వేసి చార్టు మూసేయవచ్చా?

రాత్రి షిఫ్టు కోడర్, హైదరాబాద్:
అమెరికాలోని ఒక క్లినిక్ అవుట్‌పేషెంట్ చార్టులకు (పేషెంట్ల వైద్య రికార్డులకు) మెడికల్ కోడింగ్ చేస్తాను, అంటే డాక్టర్ రాసిన జబ్బుకు తగిన కోడ్ వేస్తాను. నిన్న ఒక చార్టు మీద మా బృందంలో గట్టి వాదన జరిగింది. మనిషిని గుర్తుపట్టే వివరాలు తీసేసి చెబుతున్నాను. పేషెంట్ చిన్నపిల్ల, బడికి వెళ్లే వయసు. డాక్టర్ నిర్ధారణలో 'జువెనైల్ రుమటాయిడ్ ఆర్థరైటిస్ (పిల్లలకు వచ్చే కీళ్లవాపు జబ్బు), చెయ్యి' అని మాత్రమే ఉంది. కుడో ఎడమో లేదు. ఏ పక్కో తెలియనప్పుడు వేసే ఎం08.049 వేసి ముందుకు వెళ్లమన్నారు మావాళ్లు. కానీ రెండు పేజీల ముందు నర్సు రాసింది చూడండి: కుడి నడివేలు మధ్య కణుపు దగ్గర వాపు, పొద్దున లేవగానే వేలు ముడవలేకపోతోంది, బడిలో పెన్సిల్ ఎడమ చేతికి మార్చుకుంటోంది. ఇది చదివాక 'ఏ చెయ్యో తెలియదు' అనే కోడ్ వేయడానికి మనసొప్పలేదు. కుడి చేతికి చెందిన ఎం08.041 వేశాను. తప్పు చేశానా?

నిబంధనే ముఖ్యం:
తప్పే. డాక్టర్ రాయనిది కోడర్ రాయకూడదు. అవుట్‌పేషెంట్ చార్టులో డాక్టర్ 'ఈ జబ్బు కావచ్చు' అని రాసినా మనం జబ్బు కోడ్ వేయం, లక్షణాలకే వేస్తాం. అంత కట్టుబాటు ఉన్న పనిలో నర్సు మాట పట్టుకుని చెయ్యి ఏదో మనం తేల్చడం ఏమిటి? 049 అనే కోడ్ పెట్టిందే ఇలాంటి చార్టుల కోసం.

ఆడిట్ చేసేవాడిని:
జబ్బు విషయంలో మీరు చెప్పింది అక్షరాలా నిజం. పక్క విషయంలో మాత్రం నిబంధన మారింది. 2021 అక్టోబర్ 1 నుంచి అమల్లోకి వచ్చిన ఐసీడీ-10-సీఎం (అమెరికాలో వాడే జబ్బుల కోడ్‌ల జాబితా) మార్గదర్శకాల ప్రకారం, డాక్టర్ కుడి ఎడమలు రాయకపోతే చార్టులో ఇతర వైద్య సిబ్బంది రాసినదాన్ని బట్టి పక్కను కోడ్ చేయవచ్చు. రాతల మధ్య పొంతన లేకపోతేనే డాక్టర్‌ను అడగాలి. పక్క తెలియదనే కోడ్ అరుదుగానే వాడాలని కూడా అక్కడే ఉంది. 2015 అక్టోబర్ 1కి ముందు పాత జాబితా ఐసీడీ-9లో 714.30 వేస్తే సరిపోయేది, ఏ చెయ్యి అని అడిగే వీలే అందులో లేదు. ఇప్పుడు ఉంది. ఉన్నదాన్ని వాడకపోవడం బద్ధకమే అంటాను.

నిబంధనే ముఖ్యం:
ఆ మార్పు నా దృష్టికి రాలేదు, ఒప్పుకుంటున్నాను. అయినా నా అభ్యంతరం తీరలేదు. నర్సు రాసింది ఆ రోజు ఏ వేలు వాచిందో. డాక్టర్ రాసింది జబ్బు ఎక్కడ ఉందో. ఈ రెండూ ఒకటేనా? మందులతో ఎడమ చెయ్యి ప్రస్తుతం నెమ్మదించి ఉంటే? అప్పుడు 041 ఒక్కటే వేస్తే సగం జబ్బును చార్టులోంచి తుడిచేసినట్టే. డాక్టర్‌కు ప్రశ్న పంపండి. అదీ 'కుడి చెయ్యే కదా?' అని జవాబు నోటికి అందించినట్టు కాదు, 'ఏయే కీళ్లు, ఏ పక్క?' అని.

టెక్సాస్‌లో ఉంటున్న అమ్మ:
నాకు కోడింగ్ రాదు. మా బాబుకు ఈ జబ్బు ఉంది. రాత్రిపూట చేతికి కట్టే స్ప్లింట్ కోసం పంపిన కాగితాలు 'ఏ చెయ్యో లేదు' అని బీమా కంపెనీ నుంచి వెనక్కి వచ్చాయి. మళ్లీ ఆమోదం వచ్చేసరికి మూడు వారాలు పట్టింది. ఆ మూడు వారాలూ ఉదయం గోరువెచ్చని నీళ్ల గిన్నెలో వాడి వేళ్లు నానబెట్టి, ఒక్కొక్కటే మెల్లగా చాపేదాన్ని. మీకు అది ఆరో అంకె కావచ్చు. దయచేసి ప్రశ్న పంపండి.

పిల్లల వైద్యంలో పీజీ:
మీరంతా ఆరో అంకె మీద ఉన్నారు. నాకు నాలుగో అంకె మీదే అనుమానం. ఎం08.0 అంటే రకం తేలని జబ్బు. తొలి ఆరు నెలల్లో నాలుగు కీళ్లు లేదా అంతకన్నా తక్కువైతే ఒక రకం, ఐదు లేదా ఎక్కువైతే ఇంకో రకం. మొదటిదానికి ఎం08.4, రక్తపరీక్షలో రుమటాయిడ్ ఫ్యాక్టర్ లేని రెండోదానికి ఎం08.3. సోరియాసిస్ అనే చర్మవ్యాధితో వచ్చేదైతే అసలు ఎం08లోకే రాదు, ఎల్40.54కు వెళ్తుంది. ఈ తేడా కాగితం కోసం కాదు. కొద్ది కీళ్ల రకంలో, ముఖ్యంగా ఏఎన్ఏ అనే రక్తపరీక్ష పాజిటివ్ ఉన్న పిల్లల్లో, కంటి లోపల వాపు నొప్పి గానీ ఎరుపు గానీ లేకుండా వస్తుంది. కంటి డాక్టర్ స్లిట్ ల్యాంప్ అనే పరికరంతో క్రమం తప్పకుండా చూస్తేనే దొరుకుతుంది. పాత నిర్ధారణను అలాగే కాపీ చేసి అతికించడం మా వైపు తప్పు. అడిగితే దిద్దుకుంటాం, కాబట్టి అడగండి.

ఆడిట్ చేసేవాడిని:
ప్రశ్న పంపితే మంచిదే. ఒకవేళ రెండు చేతులూ అని జవాబు వస్తే 041, 042 రెండూ వేస్తారా, ఎక్కువ చోట్లకు ఉన్న ఎం08.09 వేస్తారా? రెండు పక్కలకూ కలిపి కోడ్ లేనప్పుడు కుడికీ ఎడమకూ విడివిడిగా వేయమంటుంది ఒక నిబంధన. ఎక్కువ చోట్లకు కోడ్ ఉంటే దాన్ని వాడమన్నట్టుగా ఉంటుంది కీళ్ల అధ్యాయంలోని ఇంకో నిబంధన. నేను మొదటిదాని వైపే. 09 వేస్తే అవి చేతులో, మోకాళ్లో చూసేవాళ్లకు తెలియదు.

నిబంధనే ముఖ్యం:
నేను రెండోదాని వైపు. కోడ్ ఉన్నప్పుడు దాన్ని దాటిపోవడానికి మనకు అధికారం లేదు.

రాత్రి షిఫ్టు కోడర్, హైదరాబాద్:
041 తీసేసి చార్టు ఆపాను, ప్రశ్న పంపాను. ఈ రోజు జవాబు వచ్చింది: కొద్ది కీళ్ల రకం, కుడి చెయ్యి, ఎడమ మోకాలు. అంటే ఎం08.441, ఎం08.462. ఎం08.4లో ఎక్కువ చోట్లకు కోడే లేదు కాబట్టి రెండూ వేయాల్సిందే, మీ ఇద్దరి వాదన ఈ చార్టు వరకు రాలేదు. నేను వేసిందీ తప్పే, మావాళ్లు వేయమన్నదీ తప్పే. ఆ మోకాలి సంగతి నర్సు పేజీలో ఎక్కడా లేదు. ఇప్పుడే మళ్లీ మొదటి నుంచి చదివాను.