డాఫ్ట్ పంక్ ‘డిస్కవరీ’లో సొంత పని ఎంత, అరువు ఎంత?

శ్రోత, తిరుపతి:

ఫ్రెంచి ఎలక్ట్రానిక్ సంగీత ద్వయం డాఫ్ట్ పంక్ 2001లో విడుదల చేసిన రెండవ ఆల్బమ్ ‘డిస్కవరీ’ని ఈ మధ్యనే పద్నాలుగు పాటలూ వరుసగా విన్నాను. వారి మొదటి ఆల్బమ్, 1997 నాటి ‘హోమ్‌వర్క్’, నాకు ముందే పరిచయం. అందులో గరుకైన డ్రమ్ మెషీన్ శబ్దం, ఒకే మాటను పట్టుకొని నిమిషాల తరబడి తిరిగే పాటలు ఉంటే, ఇందులో పల్లవులు, ప్రేమ పాటలు, గిటారు అనిపించే సోలోలు ఉన్నాయి. బాలాజీ కాలనీలోని మా మిత్రులొకరు మాత్రం దీన్ని పాత డిస్కో రికార్డుల బిట్లు ఎత్తి అతికించిన ఆల్బమ్ అని కొట్టిపారేస్తున్నారు. ఇందులో ఆ ఇద్దరి సొంత పని ఏమిటో, అరువు ఏమిటో తెలిసినవారు పాటల వారీగా వివరించగలరా?

కీబోర్డు, చిత్తూరు:

మీ మిత్రులు చెప్పినదాంట్లో సగం నిజం ఉంది. ‘హార్డర్, బెటర్, ఫాస్టర్, స్ట్రాంగర్’ మొదట్లో వినిపించే కీబోర్డు బిట్ ఎడ్విన్ బర్డ్‌సాంగ్ ‘కోలా బాటిల్ బేబీ’ లోనిది. ‘డిజిటల్ లవ్’ ఎత్తుగడ జార్జ్ డ్యూక్ ‘ఐ లవ్ యూ మోర్’ నుంచి, ‘సూపర్‌హీరోస్’లోని గొంతు బారీ మానిలో పాట నుంచి వచ్చాయి. ఈ మూడూ 1979 నాటివే. డాఫ్ట్ పంక్‌లోని ఆ ఇద్దరిలో తోమా బంగాల్టర్ 1975లో, గీ-మాన్యుయెల్ ద ఒమెమ్-క్రిస్టో 1974లో పుట్టారు కనుక, ఆ పాటలు వచ్చేనాటికి ఇద్దరూ బడి ఈడు పిల్లలు కూడా కారు. తమ చిన్ననాటి సంగీతాన్ని, ఆనాటి కళ్ళతో చూసిన లోకాన్ని ఈ ఆల్బమ్‌లో పట్టుకోవాలనుకున్నామని వారే చెప్పుకున్నారు.

ఇక సొంత పని గురించి. పెళ్ళి కచేరీలకు వాయించే నాబోటివాడికి ఒక బిట్‌ను లూప్‌లో, అంటే అదే పదే పదే తిరిగేలా, పెట్టడం క్షణాల పని, కానీ నాలుగు నిమిషాల పాటు వినేవారికి విసుగు పుట్టకుండా దాన్ని నడిపించడమే కష్టం. ‘హార్డర్, బెటర్’లో కింద బర్డ్‌సాంగ్ బిట్ దాదాపు మారకుండానే తిరుగుతూ ఉంటుంది, మారేదంతా పైనున్న గొంతే. యంత్రం గుండా వచ్చే ఆ గొంతు మొదట విడివిడి మాటలు పలుకుతుంది, ఆ తర్వాత వాటిని జతలు జతలుగా కలుపుతుంది, చివరకు మాటలు ముక్కలై స్వరాలుగా మారి, ఒక వాద్యం సోలో వాయించినట్లే సాగుతుంది. ‘డిజిటల్ లవ్’ చివరి సోలో అయితే డ్యూక్ పాటలో లేనే లేదు, అది పూర్తిగా వీరు కట్టినదే. ఫిల్టర్‌తో పై శ్రుతుల ధ్వనులను కోసి, బేస్‌ను మాత్రం మిగిల్చి, మళ్ళీ మెల్లగా తెరవడం ఫ్రెంచి హౌస్ అనే నాట్య సంగీతం చేసేవారందరూ చేసేదే కాబట్టి దాని గురించి ఎక్కువ చెప్పను.

నాకు అన్నిటికన్నా ముచ్చట గొలిపేది మరొకటి. ‘హోమ్‌వర్క్’లో ‘టీచర్స్’ అని తమ గురువుల పేర్లను వరుసగా చదివే పాట ఒకటి ఉంది. ఆ జాబితాలో రొమాంథనీ, టాడ్ ఎడ్వర్డ్స్ పేర్లు ఉన్నాయి. నాలుగేళ్ళ తర్వాత ‘వన్ మోర్ టైమ్’, ‘టూ లాంగ్’ పాడింది ఆ రొమాంథనీయే. ‘ఫేస్ టు ఫేస్’ పాడి, దాని నిర్మాణంలోనూ పాలుపంచుకున్నది ఆ ఎడ్వర్డ్సే. ‘ఫేస్ టు ఫేస్’లో అరువు ముక్కలు ఎంత చిన్నవంటే, ఏది ఎక్కడిదో గుర్తుపట్టే లోపలే మరొకటి వచ్చేస్తుంది.

సంగీతం మాస్టారు, తిరుపతి:

కీబోర్డు గారూ, మీరు చెప్పిన పనితనాన్ని నేను కాదనను. కీర్తనలోని ఒకే పంక్తిని పట్టుకొని రకరకాలుగా విస్తరించి పాడే, అంటే నెరవల్ చేసే, గాయకుడి ప్రతిభను మెచ్చుకొనే మనం, లూప్‌లోని ప్రతిభను తక్కువ చేయడం న్యాయం కాదు. అయితే నెరవల్‌కు తీసుకొన్న కీర్తనలో వాగ్గేయకారుని ముద్ర ఉంటుంది. గాయకుడు ఎంత విస్తరించినా ఆ పంక్తి ఎవరిదో సభలో అందరికీ తెలుస్తూనే ఉంటుంది. ఈ ఆల్బమ్ అట్ట మీద బర్డ్‌సాంగ్, డ్యూక్ వంటివారి పేర్లు వేశారు, సంతోషం. కానీ అన్నిటికన్నా ప్రసిద్ధమైన ‘వన్ మోర్ టైమ్’కు ఆధారమైన బ్రాస్ (ట్రంపెట్ వంటి ఊదే వాద్యాల) బిట్ ఎడ్డీ జాన్స్ పాడిన ‘మోర్ స్పెల్ ఆన్ యూ’ లోనిది. అదీ 1979 పాటే. ఆయన పేరు మాత్రం ఆ అట్ట మీద కనిపించదు. శ్రోత గారి మిత్రులకు నేను ఒప్పుకొనేది ఈ ఒక్క చోటే. ఆ బిట్‌ను ఎంత ముక్కలు చేసి, వరుస మార్చి పేర్చినా, పేరు వేయకపోవడానికి అది సమాధానం కాదు.

కీబోర్డు, చిత్తూరు:

మాస్టారూ, ఆ మాట ఒప్పుకోవలసిందే. అయినా ఆ పాటలో జనం పాడుకొనేది రొమాంథనీ గొంతునే కదా. ఆ గొంతును ఆటోట్యూన్ (గొంతు శ్రుతిని సరిదిద్దే సాఫ్ట్‌వేర్)తో అంతగా వంచినందుకు అప్పట్లో చాలామంది విసుక్కున్నారు, ఆ తర్వాత అదే పద్ధతి లోకమంతటా పాకింది.

డీజే, తిరుపతి:

పెద్దలిద్దరూ అట్ట మీది పేర్ల దగ్గర ఉన్నారు కాబట్టి, నేను నాట్యం సంగతి చెబుతాను. ‘వన్ మోర్ టైమ్’ నడుమ డ్రమ్ములు పూర్తిగా ఆగిపోయి, గొంతూ తీగ స్వరాలూ మాత్రమే చాలాసేపు సాగుతాయి. మన పెళ్ళి ఊరేగింపులో అంతసేపు దెబ్బ ఆగితే, కుర్రాళ్ళు స్పీకర్ పాడైందేమోనని బండి ఎక్కేస్తారు. అందువల్ల నేను ఆ భాగాన్ని కోసేసి వేస్తాను, ఇంట్లో వినేటప్పుడు మాత్రం ఆ భాగం కోసమే వింటాను. నాట్యం కోసం కట్టిన పాటలో నాట్యాన్ని అంతసేపు ఆపే ధైర్యం ఏ పాత రికార్డు నుంచీ అరువు తెచ్చుకోగలిగింది కాదు.

శ్రోత గారూ, ఈ ఆల్బమ్ మొత్తాన్ని సంభాషణలు లేని కథగా మలచిన ‘ఇంటర్‌స్టెల్లా 5555’ అనే జపాన్ యానిమేషన్ చిత్రం 2003లో వచ్చింది. దాన్ని పర్యవేక్షించిన లేజీ మాట్సుమోటో కార్టూన్లను ఆ ఇద్దరూ చిన్నప్పుడు ఫ్రెంచి టీవీలో చూసి పెరిగారు. కీబోర్డు గారు చెప్పిన చిన్ననాటి సంగతి అందులో ఇంకా బాగా తెలుస్తుంది. మీ మిత్రులకు ముందు ఆ చిత్రం చూపించండి, వాదన ఆ తర్వాత పెట్టుకోవచ్చు. చివరి పాట ‘టూ లాంగ్’ పది నిమిషాలు ఉంటుంది, దాన్ని మాత్రం మధ్యలో ఆపవద్దు.