కినుయో తనాకా: నటిగానే గొప్పా, దర్శకురాలిగా కూడానా?

పాతరీలు:
జపాన్ నటి కినుయో తనాకా 1953 నుంచి 1962 దాకా ఆరు సినిమాలు డైరెక్ట్ చేశారు. ఈమధ్య అందరూ వాటినే ఆకాశానికెత్తుతున్నారు. నా మట్టుకు ఆవిడ నటి. 1924లో షోచికు స్టూడియోలో చేరి, మూకీల నుంచి టాకీలకు దాటి, రెండు వందలకు పైగా సినిమాల్లో నటించారు. దర్శకుడు మిజోగుచి 1952లో తీసిన ఓహారు కథ చూడండి. అంతఃపుర పరిచారిక ముసలి వేశ్యగా మిగిలేదాకా ప్రతి దశలోనూ ఆవిడ నడక మారిపోతుంది. దాని ముందు ఆ ఆరూ చిన్నవే.

వానచినుకు:
ఆ ఆరింటిలో మీరెన్ని చూశారండీ? రొమ్ము క్యాన్సర్‌తో 31 ఏళ్లకే పోయిన కవయిత్రి ఫుమికో నకాజో మీద 1955లో తీసింది చూశాక నేను రెండు రోజులు తేరుకోలేదు. ఆపరేషన్ అయ్యాక నాయిక స్నేహితురాలి ఇంట్లో స్నానం చేస్తూ తన ఛాతీ చూపిస్తుంది. జాలి కోసం కాదు. జబ్బుపడ్డ ఆడదానికీ కోరిక ఉంటుందని ఆ రోజుల్లో ఎవరు చూపించారు?
ఇంకో మాట. తనాకా రెండో సినిమాకి దర్శకుల సంఘం అధ్యక్షుడిగా ఉండి అడ్డుపడింది ఆ మిజోగుచే.

పాతరీలు:
అడ్డుపడటం తప్పే. కానీ ఆ సినిమాకి స్క్రిప్టులో దర్శకుడు ఓజు చెయ్యి ఉంది, మొదటిదానికి మరో దర్శకుడు కినోషితా రాశారు. ఇక ఆవిడ సొంతం ఏముంది?

వానచినుకు:
ఓహారు స్క్రిప్టులో రచయిత యోదా పని లేదా? మరి దాన్ని మిజోగుచి సినిమా అనే అంటున్నాం కదా! నకాజో సినిమా స్క్రిప్టు సుమియె తనాకా అనే మహిళ రాశారు. 1961లో కినుయో తీసినదీ సుమియె రాసిందే. 1956 నాటి వేశ్యావృత్తి నిరోధక చట్టం తర్వాత ఆ ఆడవాళ్లు ఎక్కడికి పోయారు, పని అడిగితే లోకం ఎలా చూసింది అన్నదే ఆ కథ. మిజోగుచి కోసం వేశ్యగా నటించిన మనిషే, ఆ తర్వాతి బతుకు ఏమిటని కెమెరా పట్టుకుని అడిగారు. ఇది సొంతం కాకపోతే ఇంకేది సొంతం?

పాతరీలు:
యోదా సంగతి ఒప్పుకుంటాను. 1961 సినిమా నేను చూడలేదు, చూసి రాస్తాను. అయినా 'సందాకన్ 8' సినిమాలో బోర్నియోకి అమ్ముడుపోయి తిరిగొచ్చిన ఓసాకీ ముసలమ్మను మర్చిపోకండి. 1975లో బెర్లిన్ చిత్రోత్సవం తనాకాకి ఉత్తమ నటి అవార్డు ఇచ్చింది ఆ పాత్రకే. ఒక్కటే ఎంచుకోమంటే నేను ఇప్పటికీ ఆ ముఖాన్నే ఎంచుకుంటాను.