గుండు హనుమంతరావు గారిని సినిమా వాడుకుందా, వదిలేసిందా?

పాతరీలు:
హాస్యనటుడు గుండు హనుమంతరావు గారు పోయింది 2018 ఫిబ్రవరి 19న. ఆ రోజు నా ఫోన్‌కి వచ్చిన మెసేజ్‌లన్నిటిలోనూ ఒకటే ఫొటో, 'అమృతం' టీవీ సీరియల్లో ఆయన వేసిన ఆంజనేయులు. 1987లో జంధ్యాల గారి 'అహ నా పెళ్ళంట' నుంచి లెక్కేస్తే నాలుగు వందలకు పైగా సినిమాలు చేసిన మనిషి. అందులో ఒక్క స్టిల్ కూడా ఎవరికీ గుర్తు రాలేదు. సినిమా ఆయన ఆకారాన్ని చూసిందే తప్ప నటుణ్ణి చూడలేదని నా అభిప్రాయం. కాదనేవాళ్లు చెప్పండి.

కాల్షీట్:
కాదంటాను. 90ల్లో మన సినిమాలో హాస్యనటులు ఎంతమందో గుర్తుచేసుకోండి. బ్రహ్మానందం, బాబూమోహన్, అలీ, ఏవీఎస్, మల్లికార్జునరావు, ధర్మవరపు, తర్వాత ఎమ్మెస్ నారాయణ. ఆ పోటీలో ఎస్వీ కృష్ణారెడ్డి గారి 'రాజేంద్రుడు గజేంద్రుడు', 'మాయలోడు', 'యమలీల' లాంటి హిట్లలో చోటు దొరకడం చిన్న విషయం కాదు. రెండు సీన్లే కావచ్చు. కానీ మూడు దశాబ్దాలు పిలుస్తూనే ఉన్నారు. క్యారెక్టర్ ఆర్టిస్టుకి ఇల్లు గడిచేది అలాగే. ఆ ముఖం అప్పటికే ఇంటింటికీ తెలుసు కాబట్టే టీవీ కూడా పిలిచింది.

పాతరీలు:
ఇల్లు గడిచింది నిజమే అన్నా, దాన్ని తక్కువ చేయను. నా బాధ వేరే. సినిమాలో ఆయనకి ఇచ్చింది ఒక డైలాగ్, ఒక దెబ్బ, ఒక అరుపు. ఆయన బలమేమో ఎదుటివాడు మాట్లాడుతున్నప్పుడు ముఖంలో కనిపించేది. సీరియల్లో స్నేహితుడు అమృతం కొత్త ప్లాన్ మొదలుపెట్టగానే ఆంజనేయులు ముఖం చూడండి. ముందు టెన్షన్, తర్వాత లోపల్లోపల లెక్కలు, ఆఖరికి వీణ్ణి ఒంటరిగా వదల్లేక తలూపడం. ఆ మూడూ రావాలంటే కెమెరా ఆయన మీద కాసేపు ఆగాలి. సినిమాలో అప్పటికే హీరో మీదికి వెళ్లిపోయేది.

మధ్యతరగతి:
మీరు ఒకటి వదిలేస్తున్నారు. ఆ గొప్పతనం స్క్రిప్టుది. సీరియల్ తీసిన గుణ్ణం గంగరాజు గారి బృందం అంత బాగా రాస్తే ఎవరు చేసినా పండేది.

పాతరీలు:
ఎవరు చేసినా పండేదా? 2001 నుంచి 2007 దాకా జెమినీలో వచ్చిన ఆ సీరియల్లో అమృతం పాత్రకే శివాజీరాజా, నరేష్, హర్షవర్ధన్ మారారు. టైటిల్ పాత్ర మారినా జనం ఆదివారం రాత్రి టీవీ ముందు కూర్చున్నారు. ఆంజనేయులు మాత్రం మారలేదు. 2020లో 'అమృతం ద్వితీయం' వచ్చినప్పుడు ఆ పాత్ర ఎల్బీ శ్రీరాం గారు చేశారు. ఆయన గొప్ప నటుడు, పైగా రచయిత. అయినా నాకు ఆ ఇంట్లో ఎవరో లేరన్న వెలితి పోలేదు. ఇది శ్రీరాం గారి లోపం కాదు, ముందున్నాయన సొంతం చేసుకున్న తీరు అలాంటిది.

మధ్యతరగతి:
సరే, ఆ మాట ఒప్పుకుంటాను. నాకూ అలాగే అనిపించింది.

రంగస్థలం:
నేను నాటకాల్లో వేషాలు వేసినవాణ్ణి, నా మాట కూడా వినండి. హనుమంతరావు గారు బెజవాడ నాటకాల నుంచి వచ్చారు. స్టేజీ మీద మన డైలాగ్ అయిపోయాక లోపలికి పోయే వీలుండదు. పక్కవాడు మాట్లాడినంతసేపూ అక్కడే, ఆ పాత్రలోనే నిలబడాలి. 'అమృతం'లో దాదాపు ప్రతి సీనూ అలాంటిదే. హోటల్లోనో ఇంట్లోనో నలుగురు మనుషులు, మధ్యలో ఇంటి ఓనర్ అప్పాజీ, హోటల్ సర్వర్ సర్వం. ఆయనకి చిన్నప్పుడు తెలిసిన పని నలభై దాటాక మళ్లీ దొరికింది. నంది అవార్డులు టీవీ విభాగంలోనే వచ్చాయంటే నాకు ఆశ్చర్యం లేదు.

కాల్షీట్:
నాటకం సంగతి నాకు తట్టలేదండీ. అయినా సినిమా వదిలేసిందని మాత్రం అనలేను. వాడుకుంది, కొంచెమే వాడుకుంది. అంతవరకు వస్తాను.

పాతరీలు:
ఆ 'కొంచెమే' గురించే నా గొడవంతా అన్నా. ఇంకొకటి గమనించారా? ఆ సీరియల్ పేరు 'అమృతం'. సిరివెన్నెల గారు రాసిన టైటిల్ పాట మాత్రం మొదలయ్యేది ఆంజనేలుని పిలుస్తూ. ఆయన సినిమాల్లో అలా ఆయన్ని పిలుస్తూ మొదలైన పాట ఒక్కటి చూపించండి.